సింగపూర్‌లో ఏ బడి: లోకల్ స్కూలా, ఇండియన్ స్కూలా, ఇంటర్నేషనలా?

హైదరాబాద్ నుంచో విజయవాడ నుంచో ఉద్యోగం మీద సింగపూర్ వచ్చేవాళ్లు ఇల్లు వెతకడానికి ముందే అడిగే ప్రశ్న ఒకటుంది: "ఇక్కడ మంచి స్కూలు ఏది?" నేను ఎదురు ప్రశ్న వేస్తాను: "ఎన్నేళ్లు ఉంటారు?" చాలామంది నీళ్లు నములుతారు. ఒకరు రెండేళ్లు అంటారు. ఇంకొకరు పీఆర్ (శాశ్వత నివాస హక్కు) వస్తే చూద్దామంటారు. పెద్దవాళ్ల కోసం ఎప్పటికైనా వెనక్కి వెళ్లక తప్పదనేవారు మరొకరు. ఈ మూడు జవాబులకూ సరిపోయే బడి ఒకటి కాదు. బడి పేరుప్రతిష్ఠల సంగతి తర్వాత చూసుకోవచ్చు. పిల్లకు పద్దెనిమిదేళ్లు వచ్చేసరికి ఏ దేశంలో ఏ పరీక్ష రాయాలో ముందు తేల్చుకోండి.

లోకల్ స్కూల్ అంటే ఇక్కడి విద్యాశాఖ నడిపేది, లేదా దాని సాయంతో నడిచేది. సర్కారు బడి అనగానే మన మనసులో మెదిలే చిత్రాన్ని పక్కన పెట్టండి. ఈ దేశపు పౌరుల పిల్లలు దాదాపు అందరూ అక్కడే చదువుతారు. పౌరుడి బిడ్డను విదేశీ పాఠ్యక్రమం ఉన్న బడిలో చేర్చాలంటే విద్యాశాఖ అనుమతి తెచ్చుకోవాలి. ఇండియన్ స్కూలు అంటే సీబీఎస్ఈ చెప్పే ప్రైవేటు బడి. జీఐఐఎస్, డీపీఎస్, ఎన్‌పీఎస్ లాంటివి మనవాళ్లు తరచుగా చెప్పుకునే పేర్లు. వీటిలో కేంబ్రిడ్జి, ఐబీ (ఇంటర్నేషనల్ బాకలారియట్) పాఠ్యక్రమాలు కూడా నడిపేవి ఉన్నాయి. మూడోది బ్రిటిష్, అమెరికన్, ఐబీ తరహా ఇంటర్నేషనల్ స్కూళ్లు.

సీటు దగ్గరే మొదటి వడపోత

మీకు నచ్చినంత మాత్రాన లోకల్ స్కూలు దొరకదు. ఒకటో తరగతి, అంటే ప్రైమరీ వన్, జనవరిలో మొదలవుతుంది. పిల్లకు ఏడేళ్లు నిండే సంవత్సరంలో చేర్చుకుంటారు. ప్రవేశాలు దశలవారీగా జరుగుతాయి. అన్నో అక్కో అదే బడిలో ఉంటే మొదటి దశలోనే సీటు ఖాయం. ఆ తర్వాత పూర్వ విద్యార్థుల పిల్లలు, బడిలో స్వచ్ఛంద సేవ చేసిన తల్లిదండ్రుల పిల్లలు, ఆపైన మిగతావారు. పోటీ ఎక్కువైతే ఇంటి నుంచి బడికి కిలోమీటరు లోపు ఉన్నవారు, రెండు కిలోమీటర్ల లోపు ఉన్నవారు, అంతకంటే దూరమున్నవారు అన్న వరుసలో చూస్తారు. అప్పటికీ తేలకపోతే లాటరీ. పౌరుల తర్వాతే పీఆర్‌లు. డిపెండెంట్ పాస్ (విదేశీ ఉద్యోగి కుటుంబానికి ఇచ్చే నివాస అనుమతి) మీద ఉన్న పిల్లల వంతు అన్నిటికన్నా చివరి దశలో వస్తుంది. సీటు వస్తుందన్న హామీ ఉండదు, వచ్చినా ఆ బడి మీరు కోరుకున్నది కాకపోవచ్చు.

దూరం లెక్కలో మరో మెలిక ఉంది. ఆ ప్రాధాన్యంతో సీటు తెచ్చుకుంటే ఆ చిరునామాలో కనీసం 30 నెలలు ఉండాలి. రెండేళ్ల అద్దె ఒప్పందం మీద సంతకం పెట్టి, బడి పక్కనే ఇల్లు దొరికిందని సంబరపడే పీఆర్ కుటుంబాలు ముందు ఈ లెక్క చూసుకోవాలి.

పిల్ల కొంచెం పెద్దదైతే విదేశీ విద్యార్థుల కోసం ఏఈఐఎస్ అనే ప్రవేశ పరీక్ష ఉంది. ఇంగ్లిష్, లెక్కలు పరీక్షిస్తారు. ప్రైమరీ రెండు నుంచి ఐదు వరకు, సెకండరీ ఒకటి నుంచి మూడు వరకు మాత్రమే దీని ద్వారా చేరవచ్చు. ప్రైమరీ ఆరులో చేరే దారి లేదు, ఎందుకంటే ఆ ఏడాది చివర్లోనే ప్రైమరీ ముగింపు పరీక్ష, పీఎస్ఎల్ఈ ఉంటుంది. పదకొండేళ్ల పిల్లతో సింగపూర్‌లో దిగే కుటుంబానికి లోకల్ స్కూలు గురించి నేను ఎక్కువ ఆశ పెట్టను.

ఖర్చు సంగతి క్లుప్తంగా చెబుతాను. లోకల్ ప్రైమరీలో పౌరుల పిల్లలకు బోధన రుసుము లేదు, నెలకు 13 డాలర్ల లోపు చిల్లర రుసుములే. పీఆర్‌లకు నెలకు వందల్లో ఉంటుంది. మనలాంటి విదేశీయులకు అది పీఆర్ రుసుముకు మూడింతలు దాటుతుంది, పైగా ఏటా పెరుగుతూ వస్తోంది. బ్రిటిష్, అమెరికన్ బళ్లలో ఏడాదికి 30 వేల నుంచి 50 వేల సింగపూర్ డాలర్ల దాకా అవుతుంది. సీబీఎస్ఈ అందులో సగానికి అటూ ఇటూగా ఉంటుంది, బస్సు ఖర్చు వేరే. కంపెనీ ఫీజు కడుతుందా లేదా అన్నది ఉద్యోగ ఒప్పందం మీద సంతకం పెట్టకముందే అడగండి. చేరాక అడిగితే మర్యాదగా నవ్వి ఊరుకుంటారు.

లోకల్ స్కూల్లో ఒక పొద్దు

ఉదయం ఏడున్నరకల్లా పిల్లలు బడి ఆవరణలో వరుసగా నిలబడి ఉంటారు. జాతీయ గీతం మలయ్‌లో పాడతారు. తర్వాత కుడి పిడికిలి గుండె మీద పెట్టుకుని ప్రతిజ్ఞ చెబుతారు. జాతి, భాష, మతం తేడాలు లేకుండా ఒకే ప్రజగా ఉంటామన్న ఆ ప్రతిజ్ఞను 1966లో ఎస్. రాజరత్నం రాశారు. పక్కన నిలబడే పిల్లలు చైనీయులు, మలయ్‌లు, తమిళులు, యురేషియన్లు. 2020 జనగణనలో పౌరులూ పీఆర్‌లూ కలిపి చూస్తే చైనీయులు 74.3 శాతం, మలయ్‌లు 13.5, భారతీయులు 9 శాతం. అంటే తరగతిలో తరచుగా ముగ్గురో నలుగురో భారతీయ పిల్లలు ఉంటారు, వాళ్లలో మన పిల్ల ఒకతి.

విరామం అరగంట. క్యాంటీన్‌లో వరుసగా చిన్న చిన్న దుకాణాలు ఉంటాయి: నూడుల్స్ ఒకచోట, హలాల్ భోజనం ఒకచోట, పండ్లూ పానీయాలూ ఇంకోచోట. మొదటి రోజుల్లో పై తరగతి పిల్ల ఒకరు తోడు వచ్చి వరుసలో ఎలా నిలబడాలో, డబ్బు ఎలా లెక్కపెట్టాలో, తిన్నాక పళ్లెం ఎక్కడ పెట్టాలో చూపిస్తుంది. హలాల్ పళ్లేలు ఒక చోట, మిగతావి మరో చోట పెట్టాలి. ఆరేళ్ల పిల్ల వారం తిరక్కుండానే ఆ తేడా నేర్చుకుంటుంది. పక్క పిల్లకు కొన్ని పదార్థాలు ఎందుకు పనికిరావో కూడా అక్కడే తెలుసుకుంటుంది. నన్నడిగితే, ఈ దేశం నేర్పే సహజీవన పాఠాల్లో అన్నిటికన్నా గట్టిది ఈ పళ్లేల దగ్గరే జరుగుతుంది. శాకాహారులకు మాత్రం ఎంపిక తక్కువ. చాలా తెలుగు ఇళ్లలో పొద్దున్నే పులిహోర డబ్బా కట్టక తప్పదు.

జులై 21న జాతి సామరస్య దినం. 1964లో జరిగిన అల్లర్లకు గుర్తుగా 1997 నుంచి బళ్లలో జరుపుతున్నారు. పిల్లలు తమ సంప్రదాయ దుస్తుల్లో, కొన్నిసార్లు స్నేహితుల సంప్రదాయ దుస్తుల్లో వస్తారు. చూడముచ్చటగా ఉంటుంది. కానీ ఒక మాట చెప్పకుండా ఉండలేను. ఇక్కడి లెక్కల్లో చైనీస్, మలయ్, ఇండియన్, ఇతరులు అని నాలుగు అరలు. ఆ 'ఇండియన్' అరలో తమిళులూ పంజాబీలూ గుజరాతీలూ తెలుగువాళ్లూ ఒక్కటే. పట్టులంగా వేసుకుని వెళ్లిన పిల్లను టీచర్ ప్రేమగా తమిళంలో పలకరిస్తే ఆశ్చర్యపోకండి.

లెక్కల బోధన గురించి ప్రత్యేకంగా చెప్పాలి, ఎందుకంటే మన తల్లిదండ్రులు తికమకపడేది ఇక్కడే. ఒక సమస్య చూడండి. రవి దగ్గర మీనా కంటే 24 గోళీలు ఎక్కువ, ఇద్దరివీ కలిపి 96, మీనా దగ్గర ఎన్ని? మనం వెంటనే ఎక్స్, వై అంటాం. ఇక్కడి పిల్ల రెండు పట్టీలు గీస్తుంది. మీనాది పొట్టిది, రవిది దానికంటే 24 పొడవైనది. ఆ ఎక్కువ ముక్క తీసేస్తే 72 మిగులుతుంది, రెండు సమాన పట్టీలు, ఒక్కోటి 36. బీజగణితం రాకముందే బీజగణితం చేయించే పద్ధతి ఇది. ఇంట్లో మీరు ఎక్స్ పెట్టి చేయించడం మొదలుపెడితే పిల్ల రెండు పద్ధతుల మధ్య నలిగిపోతుంది. ముందు పట్టీ గీయడం మీరే నేర్చుకోండి, గంట పని.

ఒకటి, రెండు తరగతుల్లో మార్కుల పరీక్షలు లేవు. అర్ధ సంవత్సర పరీక్షలను 2023 నాటికి అన్ని తరగతుల్లోనూ తీసేశారు. అయినా ఇది ఒత్తిడి లేని చదువని ఎవరైనా చెబితే నమ్మకండి. ప్రైమరీ ఆరు చివర పీఎస్ఎల్ఈ కూర్చుని ఉంది. నాలుగు సబ్జెక్టులు: ఇంగ్లిష్, లెక్కలు, సైన్సు, మాతృభాష. ఒక్కో దానికి ఒకటి నుంచి ఎనిమిది దాకా స్థాయి ఇస్తారు. 90, ఆపైన వస్తే ఒకటి, 85 నుంచి 89 అయితే రెండు, అలా దిగుతుంది. నాలుగూ కలిపితే అన్నిటికన్నా మంచి స్కోరు 4, అన్నిటికన్నా తక్కువది 32. మొత్తం 20 లోపు ఉంటే మూడో గ్రూపులో, అంటే పై స్థాయి సబ్జెక్టులతో సెకండరీకి వెళ్లవచ్చు. ఎక్స్‌ప్రెస్, నార్మల్ అని పిల్లల్ని విడగొట్టే పాత పద్ధతి 2024లో సెకండరీలో చేరినవారితో పోయింది. ఇప్పుడు ఒకే తరగతిలో ఉంటూ ఒక్కో సబ్జెక్టును ఒక్కో స్థాయిలో చదవవచ్చు. ఈ మార్పు మంచిదే. కానీ ట్యూషన్ల జోరు తగ్గలేదు. 2023 గృహ వ్యయ సర్వే ప్రకారం సింగపూర్ కుటుంబాలు ఏడాదిలో ప్రైవేటు ట్యూషన్లకు పెట్టిన ఖర్చు 180 కోట్ల సింగపూర్ డాలర్లు. మన కార్పొరేట్ కాలేజీల నుంచి పారిపోయి వచ్చామని అనుకునేవాళ్లు ఈ అంకెను ఒకసారి తీరిగ్గా చదువుకోవాలి.

తమిళమా, హిందీయా

బడి కంటే పెద్ద నిర్ణయం ఇదే అంటాను, కానీ దరఖాస్తులో ఒక చిన్న గడి దగ్గర రెండు నిమిషాల్లో తేల్చేస్తారు. మాతృభాష సబ్జెక్టుగా చైనీస్, మలయ్, తమిళం అధికారికం. వీటితోపాటు భారతీయ మూలాలున్నవారికి హిందీ, బెంగాలీ, గుజరాతీ, పంజాబీ, ఉర్దూ కూడా ఉన్నాయి. తెలుగు లేదు. కాబట్టి మన పిల్లల 'మాతృభాష' మన ఇంటి భాష కాదు, అయినా పీఎస్ఎల్ఈలో నాలుగో వంతు దానిదే.

తమిళం వైపు బలమైన కారణాలున్నాయి. అది ఈ దేశపు నాలుగు అధికార భాషల్లో ఒకటి. చాలా బళ్లలో ఆ బడి టీచరే, ఆ బడి సమయంలోనే చెబుతారు. ఇరుగుపొరుగున మాట్లాడేవాళ్లు ఉంటారు, టీవీ ఉంది, పత్రిక ఉంది. వాక్యం నడక మన భాషకు దగ్గరే కాబట్టి చెవికి త్వరగా అలవాటవుతుంది. చిక్కు లిపి దగ్గర వస్తుంది. క, గ రెండింటికీ ఒకే అక్షరం, త, ద లకు ఒకే అక్షరం. చోటును బట్టి పలకాలి. తెలుగు అక్షరాలు ముందే వచ్చిన పిల్ల కొన్నాళ్లు తడబడుతుంది. అంతకంటే పెద్ద ఇబ్బంది, ఇంట్లో చాలామంది తల్లిదండ్రులకు తమిళం చదవడం రాదు. హోంవర్కు చూడలేరు, పుస్తకం సంచిలోంచి తీసి మళ్లీ అందులోనే పెడతారు.

హిందీ అయితే ఇంట్లో సాయం దొరుకుతుంది, తిరిగి వెళ్తే పనికొస్తుంది. అయితే దాన్ని హిందీ సొసైటీ, డీఏవీ హిందీ స్కూల్ లాంటి సంస్థలు నడుపుతాయి. కొన్ని బళ్లలో వాటి టీచర్లు వచ్చి చెబుతారు. మిగతా పిల్లలు శని, ఆదివారాల్లో వేరే కేంద్రానికి వెళ్లాలి. ఆరేళ్లపాటు ప్రతి వారాంతం సగం పోతుందంటే అది కుటుంబం మొత్తం మోయాల్సిన భారం. మీ బడిలోనే హిందీ తరగతి నడుస్తుందా అన్నది చేరకముందే అడిగి తెలుసుకోండి.

మధ్యలో వచ్చిన పిల్లలు మాతృభాష నుంచి మినహాయింపు అడగవచ్చు. అది ఊరికే వచ్చే వరం కాదు. మినహాయింపు ఉన్నవారికి ఆ సబ్జెక్టులో ఆరు నుంచి ఎనిమిది మధ్య స్థాయిని కేటాయిస్తారు. మిగతా మూడింటిలో ఎంత బాగా రాసినా మొత్తం స్కోరు మీద ఆ బరువు పడుతుంది.

నా అభిప్రాయం సూటిగా చెబుతాను. ఒకటో తరగతిలో చేరి, సెకండరీ దాకా ఉండే ఉద్దేశం ఉంటే తమిళం తీసుకోండి. మూడో తరగతి దాకా ఇండియాలో హిందీ చదివి వచ్చినా, రెండు మూడేళ్లలో వెళ్లిపోయేలా ఉన్నా హిందీ. తెలుగు మాత్రం రెండు సందర్భాల్లోనూ ఇంట్లోనే నిలబెట్టుకోవాలి. 1975లో మొదలైన సింగపూర్ తెలుగు సమాజం ఉగాదికీ సంక్రాంతికీ మనల్ని ఒకచోట చేరుస్తుంది కానీ, చదవడం రాయడం అలవాటయ్యేది రోజూ ఇంట్లో కూర్చోబెడితేనే.

ఇదే చోట ఇంకో హెచ్చరిక. ఎస్ఏపీ అనే ప్రత్యేక కోవకు చెందిన పేరున్న బళ్లు కొన్ని ఉన్నాయి. 1979లో మొదలైన ఆ పథకం చైనీస్ భాషా సంస్కృతుల కోసం ఉద్దేశించింది. వాటిలో మాతృభాషగా చైనీస్ ఒక్కటే చెప్పే బళ్లున్నాయి. అలాంటి బడికి దగ్గరగా ఇల్లు తీసుకుని ర్యాంకులు చూసి మురిసిపోతే లాభం లేదు. సకల జాతుల సామరస్యం గురించి ఇంతగా మాట్లాడే దేశంలో మన పిల్లలు కనిపించని ప్రభుత్వ బళ్లు ఉండటం నాకు ఇప్పటికీ మింగుడు పడదు.

ఇండియన్ స్కూలు ఎవరికి

రెండు మూడేళ్లలో వెళ్లిపోతామని గట్టిగా తెలిసినవాళ్లకు ఇదే సరైనదని నేను వాదిస్తాను. విద్యా సంవత్సరం ఏప్రిల్‌లో మొదలవుతుంది, పుస్తకాలు అవే, బోర్డు అదే. మియాపూర్‌లో ఏడో తరగతి సగంలో వదిలేసిన పిల్ల ఇక్కడ అదే పాఠం నుంచి అందుకోగలదు. లోకల్ స్కూలు సంవత్సరం జనవరి నుంచి నవంబరు దాకా నడుస్తుంది కాబట్టి దాని నుంచి వెనక్కి వెళ్లే పిల్ల ఎప్పుడూ ఏదో ఒక తరగతి మధ్యలో దిగుతుంది. సైన్సు, సాంఘికశాస్త్రంలో ఖాళీలు కనిపిస్తాయి. లెక్కల్లో మాత్రం సాధారణంగా ముందుంటుంది.

లోపం కూడా అంతే స్పష్టం. ఉదయం బస్సెక్కి మన పిల్లల మధ్యకు వెళ్లి, సాయంత్రం మన కుటుంబాల మధ్యకు వచ్చే పిల్లకు సింగపూర్ కిటికీలోంచే కనిపిస్తుంది. మరాఠీ, మలయాళీ, బెంగాలీ స్నేహితులు దొరుకుతారు, అదీ ఒక వైవిధ్యమే. కానీ మలయ్ పొరుగింటి పిల్లతో ఒక్క ఆట ఆడకుండా ఐదేళ్లు గడిపిన పిల్లలు ఉన్నారు. అలాంటి ఇంటివాళ్లు ఆ కొరతను కింద ఆటస్థలంలో, పేటలోని కమ్యూనిటీ క్లబ్ తరగతుల్లో భర్తీ చేయాలి.

ఇంటర్నేషనల్ గురించి ఎక్కువ చెప్పేది లేదు. కంపెనీ ఫీజు కట్టి, తర్వాతి మజిలీ లండనో దుబాయో అయ్యే అవకాశం ఉంటే చక్కటి ఎంపిక, లేకపోతే జీతమంతా అక్కడే కరిగిపోతుంది. స్నేహితులు ఏటా విమానం ఎక్కి వెళ్లిపోవడం ఆ బళ్లలో మామూలు విషయం. కొందరు పిల్లలు దాన్ని తేలిగ్గా తీసుకుంటారు, కొందరు తీసుకోలేరు.

తిరిగి వెళ్లాలనుకుంటే

ఇక్కడ చాలామంది ఆలస్యంగా మేల్కొంటారు. ఆంధ్రప్రదేశ్‌లోనూ తెలంగాణలోనూ వైద్య, ఇంజనీరింగ్ కన్వీనర్ సీట్లలో కనీసం 85 శాతం స్థానికులకే. స్థానికత తేల్చేటప్పుడు పిల్ల చదివిన చోటును, అందులోనూ ఇంటర్‌తో ముగిసే చివరి సంవత్సరాలను చూస్తారు. అమ్మానాన్నల సొంతూరు ఖమ్మమో కర్నూలో అయినంత మాత్రాన సరిపోదు. నిబంధనలు ఈ మధ్య మారాయి, కోర్టుల దాకా వెళ్లాయి. రాష్ట్ర మెడికల్ సీటు మీద కన్ను ఉంటే తొమ్మిదో తరగతికి ముందే తిరిగి వెళ్లే ప్రణాళిక వేసుకోవడం క్షేమం. ఇంజనీరింగ్ అయితే డాసా దారి ఉంది. విదేశంలో పదకొండు, పన్నెండు చదివినవారు జేఈఈ మెయిన్ ర్యాంకుతో ఎన్‌ఐటీల లాంటి సంస్థల్లో ప్రయత్నించవచ్చు, ఫీజు మాత్రం ఎక్కువ.

తెలంగాణలో 2018 చట్టం ప్రకారం సీబీఎస్ఈ బళ్లలో కూడా తెలుగు చెప్పాలి. సింగపూర్‌లో తమిళమో హిందీయో చదివి హైదరాబాద్‌లో ఆరో తరగతిలో దిగిన తెలుగు పిల్ల, తెలుగు వాచకం ముందు బెదిరిపోవడం నేను చూశాను. ఇంట్లో అక్షరాలు నేర్పమని చెప్పింది అందుకే.

మగపిల్లలున్న ఇళ్లలో పీఆర్ దరఖాస్తుకు ముందు కూర్చుని మాట్లాడుకోవాల్సిన సంగతి మరొకటి. తల్లిదండ్రుల ద్వారా పీఆర్ పొందిన అబ్బాయికి దాదాపు రెండేళ్ల జాతీయ సేవ, అంటే సైన్యం లాంటి దళాల్లో పనిచేయడం, తప్పదు. చేయకుండా పీఆర్ వదులుకుంటే తర్వాత ఇక్కడ చదువుకో ఉద్యోగానికో దరఖాస్తు చేసినప్పుడు అది అడ్డొస్తుంది. లోకల్ స్కూల్లో తక్కువ ఫీజు కోసం పీఆర్ తీసుకోవడం అనే ఆలోచనలో ఈ సంగతి కూడా కలిపి చూసుకోండి. దాన్ని భారంగా చూసే ఇళ్లున్నాయి, గర్వంగా చూసే ఇళ్లూ ఉన్నాయి.

ఎటూ తేలని కుటుంబాలే ఎక్కువ కాబట్టి వాళ్లకు నేను చెప్పేది ఇది. పిల్లకు ఏడేళ్ల లోపయితే, సీటు వస్తే లోకల్ స్కూల్లోనే వేయండి. మొదటి నాలుగేళ్లలో ఎప్పుడు వెనక్కి వెళ్లినా పెద్దగా పోయేదేమీ ఉండదు, ఇంగ్లిష్, లెక్కలు గట్టిపడతాయి, అన్ని రకాల పిల్లలతో కలిసి మెలగడం వస్తుంది. ప్రైమరీ నాలుగు చివర, అంటే పదేళ్ల వయసులో, ఉండాలా వెళ్లాలా అన్నది ఇంటిల్లిపాదీ కూర్చుని తేల్చండి. ఆ తర్వాతి రెండేళ్లు పీఎస్ఎల్ఈకే సరిపోతాయి. వెళ్లిపోయేవాళ్లు పిల్లను ఆ గానుగలో పెట్టి తీయడం అన్యాయం. పదేళ్లు దాటాక వచ్చిన పిల్లయితే సీబీఎస్ఈలో చేర్చి, ఏఈఐఎస్‌కు ఒకసారి కూర్చోబెట్టి చూడండి. ఫలితాలు వచ్చేదాకా ఇండియన్ స్కూలు సీటు వదులుకోకండి, డిపాజిట్ తిరిగి ఇస్తారో లేదో రాతపూర్వకంగా అడిగి ఉంచుకోండి.